ప్రగ్న తప్పు కాదు, దిద్దిన చెయ్యి తప్పు

జూన్ నెల వచ్చిందంటే మా పంతుళ్ళ చేతుల్లోకి అడ్మిషన్ రిజిస్టర్లు వస్తాయి. పిల్లల పేర్లు రాస్తాం. ఒక మనిషి చచ్చేదాకా మోసే మాటను రెండు నిమిషాల్లో రాసి పక్కన పెడతాం. ఎట్లా రాశామో వెనక్కి తిరిగి చూసుకోం. మాకు మాత్రం చూసుకోక తప్పని రోజు వచ్చింది. అందుకే ఈ నాలుగు మాటలు. ఇది ఎవర్నో తిట్టటానికి రాస్తున్నది కాదు. మొదటి ముద్దాయిలం మేమే.

2009 జూన్‌లో ప్రకాశం జిల్లాలో మేము పనిచేస్తున్న బడికి ఒక తాపీమేస్త్రి తన కూతుర్ని ఒకటో తరగతిలో చేర్చటానికి తీసుకొచ్చాడు. మాదిగపల్లె మనిషి. ఏడో తరగతితో చదువు ఆపేసి తాపీ పట్టుకున్నవాడు. చొక్కా జేబులోంచి నాలుగు మడతలు పెట్టిన కాగితం తీసి మా ముందు పెట్టాడు. దాని మీద 'ప్రగ్న' అని పెద్ద అక్షరాలతో రాసుంది. కింద ఇంగ్లీషులో పి, ఆర్, ఏ, జి, ఎన్, ఏ.

పక్కనున్న తోటి పంతులు చూసి నవ్వాడు. "ఇదేం పేరయ్యా? ప్రగ్న ఏంది, భగ్నం లాగా?" అన్నాడు. తండ్రి తల దించుకున్నాడు. "అంబేద్కర్ జయంతి మీటింగులో విన్నానండీ. ప్రగ్న, శీలం, కరుణ అని చెప్పారు. మొదటి మాట బాగుందని పెట్టుకున్నాం" అన్నాడు.

మేము నవ్వలేదు. నవ్వితేనే బాగుండేదేమో. అంతకన్నా పెద్ద తప్పు చేశాం. "స్పెల్లింగు తప్పు పడిందిలే, మేము సరిగ్గా రాస్తాం" అని చెప్పి రిజిస్టర్లో 'ప్రజ్ఞ' అని రాశాం. ఇంగ్లీషులో జి కొట్టేసి జె పెట్టాం. ఆయన్ని అడగలేదు. ఆయన "మీ ఇష్టం సార్" అన్నాడు. మన వాడ బిడ్డకు శుద్ధమైన పేరు రాశామని మాలో మేమే మురిసిపోయాం.

"మీ ఇష్టం" అనే మాట మన తాతలు ఆసాముల గడప ముందు నిలబడి అన్నారు. కరణం బల్ల ముందు నిలబడి అన్నారు. ఇప్పుడు వాళ్ళ మనవడు తన కులంలో పుట్టి చదువుకున్న పంతులు ముందు నిలబడి అన్నాడు. ఆ తేడా మాకు ఆ రోజు తెలియలేదు.

ఒక అక్షరం ఖరీదు

ఆ పిల్ల బాగా చదివింది. పది పాసయింది, ఇంటర్ పాసయింది, డిగ్రీలో చేరింది. ఈలోపు రేషన్ కార్డు, ఆధార్, కుల ధ్రువీకరణ పత్రం అన్నీ తండ్రి రాసిచ్చిన స్పెల్లింగుతోనే తయారయ్యాయి. పదో తరగతి మెమో మాత్రం మా రిజిస్టరు నుంచి వచ్చింది. కుల పత్రంలో జి, చదువు పత్రంలో జె. డిగ్రీ రెండో ఏడు ఫీజు రీయింబర్స్‌మెంట్ దరఖాస్తు అక్కడ ఆగిపోయింది. పేరు కలవటంలేదన్నారు. ఒకే పిల్ల, ఒకే ముఖం, ఒకే తండ్రి. కంప్యూటరుకి మాత్రం ఇద్దరు మనుషులు.

ఫీజు కడితేనే హాల్ టికెట్టన్నారు కాలేజీవాళ్ళు. తల్లి చెవి కమ్మలు తాకట్టుకు పోయాయి. తండ్రి పని మానుకుని ఆ ఆఫీసుకీ ఈ ఆఫీసుకీ తిరిగాడు. కూలి పోయిన రోజులకు లెక్క లేదు. చివరికి మెమోని ఆధారం చేసుకుని ఆధార్‌లో పేరు మార్పించుకున్నారు. అంటే ఏం జరిగింది? తండ్రి పెట్టిన పేరు ఓడిపోయింది. మేము దిద్దిన పేరు గెలిచింది.

సంగతి తెలిసి మేము వాళ్ళింటికి పోయాం. తప్పు ఒప్పుకున్నాం. ఆ పిల్ల మమ్మల్ని ఒక్క మాట అనలేదు. "కాగితాల్లో మీరు రాసిందే ఉంది సార్. సంతకం మాత్రం నాన్న పెట్టినట్టే చేస్తన్నా" అంది. నోటుపుస్తకం తెచ్చి చూపించింది. ప్రగ్న అని తెలుగులో, గుండ్రంగా. ఆ రోజు నుంచి ఒకటే ప్రశ్న మమ్మల్ని తినేస్తోంది. అసలు తప్పు ఎవరిది? ఆ తండ్రి రాసిన స్పెల్లింగు నిజంగా తప్పేనా?

జ్ఞ కథ

బడిలో అక్షరమాల నేర్పేటప్పుడు చ, ఛ, జ, ఝ తర్వాత 'ఞ' వస్తుంది. చార్టులో చకారానికి చక్రమో చేపో బొమ్మ ఉంటుంది. ఞ దగ్గర ఏ బొమ్మా ఉండదు. పిల్లలు అడిగితే "దానికి మాటల్లేవు, గుర్తుపెట్టుకోండి చాలు" అంటాం. ఆ ఞ వచ్చి జ కింద చేరితే జ్ఞ. రాత ప్రకారం చూస్తే జ, ఞ కలిపి పలకాలి. తెలుగు దేశంలో అట్లా పలికేవాళ్ళు ఎంతమంది? పండితుడు కూడా గ్న అనో, గ్న్య అనో అంటాడు. మన ముసలివాళ్ళు జ్ఞానాన్ని గ్యానం అంటారు. మరాఠీవాళ్ళు ద్న్య అంటారు. అందుకే మహారాష్ట్రలో బౌద్ధుల ఇళ్ళలో ఆడపిల్లలకు ఈ పేరు పెడితే ఇంగ్లీషులో డి, ఎన్, వై, ఏ పెట్టి 'ప్రద్న్యా' అని రాస్తారు. హిందీవాళ్ళు గ్య అంటారు. బెంగాలీవాళ్ళు గ్గ అంటారు. ఒకే అక్షరం, ఎవరి నాలుక వాళ్ళది. ఇందులో తప్పు నాలుక ఏది?

మేస్త్రి తన చెవికి వినపడ్డట్టు రాశాడు. వేదిక మీద మాట్లాడిన వక్త 'ప్రగ్న' అన్నాడు, ఈయన ప్రగ్న అని రాసుకున్నాడు. పలికినట్టు రాయటం, రాసినట్టు పలకటం తెలుగు గొప్ప అని మేమే కదా పిల్లలకు చెప్పేది! ఆ గొప్ప మాదిగపల్లె మనిషి చేతిలో పడేసరికి తప్పయిందా?

ఇంగ్లీషు స్పెల్లింగు సంగతి చూద్దాం. ఫీజు రీయింబర్స్‌మెంట్ దరఖాస్తులు పెట్టిన వెబ్‌సైటు పేరు 'జ్ఞానభూమి'. దాని ఇంగ్లీషు స్పెల్లింగు జె, ఎన్‌తో మొదలవుతుంది. ఊళ్ళలో విజ్ఞానం పేరు పెట్టుకున్న స్కూళ్ళ బోర్డులు చూడండి, జి, ఎన్ ఉంటుంది. సి. నారాయణరెడ్డి గారికి 1988 సంవత్సరానికి వచ్చిన జ్ఞానపీఠ్ అవార్డును జె, ఎన్‌తో రాస్తారు. వీటిలో దేన్నీ ఎవరూ దిద్దలేదు. ఇంగ్లీషు 'నో' అనే మాటకు, తెలుసుకోవటం అని అర్థం వచ్చే ఆ మాటకు, ముందు ఒక కె ఉంటుంది. దాన్ని పలకరు. ఎందుకని అడిగితే "అంతే, అది సైలెంటు" అని పిల్లల్ని కూర్చోబెడతాం. ఆ 'నో'కీ మన 'జ్ఞా'కీ మూలం ఒకటేనని భాషాశాస్త్రం తెలిసినవాళ్ళు చెబుతారు. దొరల భాషలో పలకని అక్షరానికి గౌరవం ఉంది. మన బిడ్డ పేరులో పలికిన అక్షరానికి లేదు.

ఇంకో సంగతి. జ్ఞ ఉన్న మాటల్ని జనం ఎప్పుడూ తమ నోటికి తగ్గట్టు మార్చుకున్నారు. యజ్ఞం జన్నమైంది. ఆజ్ఞ ఆన అయింది. "అమ్మ మీద ఆన" అని మనం ఒట్టు పెట్టుకుంటాం చూడండి, అదే. సంజ్ఞ సన్న అయింది, కనుసన్న అంటాం. విజ్ఞాపనం విన్నపమైంది. ఈ మాటలన్నీ మన కవులు కావ్యాల్లో వాడుకున్నారు. వ్యాకరణంలో మాత్రం పైదాన్ని ప్రకృతి అన్నారు, జనం మాటను వికృతి అన్నారు. పరీక్షలో రెండు మార్కుల కోసం మేము ఆ పేర్లే నేర్పుతున్నాం. జనం నోట అరిగి నున్నగా అయిన మాట వికృతి ఎట్లా అవుతుందని ఒక్క పిల్లవాడూ అడగడు. అడగటం మేము నేర్పలేదు.

పోనీ అసలు రూపమే కావాలంటారా? ఈ మాట మనకు బుద్ధుడి దగ్గర్నుంచి వచ్చింది. బౌద్ధ గ్రంథాలు పాళీలో నిలిచాయి. పాళీలో ఈ మాట ప్రజ్ఞ కాదు, 'పఞ్ఞా'. బొమ్మ లేని ఞ అక్షరం అక్కడ రెండుసార్లు పలుకుతుంది. శీలం, సమాధి, పఞ్ఞ అని బౌద్ధులు మూడు మెట్లు చెబుతారు. అష్టాంగ మార్గమంతా ఆ మూడింట్లో ఇముడుతుంది. బుద్ధుడు జనం భాషలో మాట్లాడాడు. మేస్త్రి కూడా జనం భాషలోనే రాశాడు. మధ్యలో సంస్కృతం గుడిమెట్ల మీద కూర్చుని దిద్దింది మేము.

పేరు పెట్టే హక్కు ఎవరిది?

ఇది ఒక అక్షరం గొడవ అయితే ఇంత రాయనక్కర్లేదు. పేరు పెట్టే హక్కు మన చేతిలో లేకుండా చెయ్యటం ఈ దేశంలో చట్టంగా నడిచింది. మనుస్మృతి రెండో అధ్యాయం 31వ శ్లోకం చూడండి. బ్రాహ్మణుడి పేరు మంగళకరంగా ఉండాలట. క్షత్రియుడి పేరులో బలం ఉండాలట. వైశ్యుడి పేరులో ధనం ఉండాలట. శూద్రుడి పేరు మాత్రం రోత పుట్టించేదిగా ఉండాలట. 33వ శ్లోకంలో ఆడవాళ్ళ సంగతి. పేరు నోటికి సులువుగా, మెత్తగా ఉండాలట. శూద్రుడికే రోత పేరు రాసిపెట్టినవాడు వర్ణం బయటి మనకేం రాస్తాడు? మన లెక్క వాడి పుస్తకంలోనే లేదు. 1927 డిసెంబరు 25న మహద్‌లో బాబాసాహెబ్ ఆ పుస్తకాన్ని తగలబెట్టించింది ఉత్తినే కాదు.

ఇప్పుడు మాదిగపల్లె మేస్త్రి చేసిన పని చూడండి. ఆడపిల్లకు 'తెలివి' అని పేరు పెట్టాడు. పలకటానికి నోరు తిప్పాల్సిన పేరు పెట్టాడు. మనువు పెట్టిన రెండు కట్లనీ ఒక్క కాగితం ముక్కతో తెంపాడు. ఆయనకు మనుస్మృతి పేరు తెలిసి ఉండకపోవచ్చు. చేసిన పని మాత్రం అదే.

మన పల్లెల్లో పాత పేర్లు గుర్తుచేసుకుందాం. పెంటయ్య, పుల్లమ్మ, కుప్పమ్మ, బిచ్చమ్మ, తవుడమ్మ. ఇవన్నీ ఎవరో బలవంతాన పెట్టినవని చెబితే అబద్ధమవుతుంది. పుట్టిన పిల్లలు పుట్టినట్టు పోతుంటే, చావు కన్ను పడకుండా బిడ్డను పెంటకుప్ప మీద పడుకోబెట్టి తీసుకుని, విస్తరాకులో వేసి తీసుకుని, తవుడుకు కొన్నట్టు నటించి పెట్టుకున్న పేర్లు అవి. ఆ పేర్ల వెనక తల్లుల భయం ఉంది, ప్రేమ ఉంది. పై కులాల్లోనూ ఇట్లాంటి పేర్లున్నాయి. తేడా ఎక్కడ? వాళ్ళ పిచ్చయ్య 'పిచ్చయ్యగారు' అయ్యాడు. మన పుల్లమ్మకు ఊళ్ళో 'అమ్మ' కూడా మిగలలేదు, 'ఏమే పుల్లీ' అయింది. మన ఎల్లయ్య ఎల్లిగాడయ్యాడు. డెబ్బై ఏళ్ళ మనిషిని పదేళ్ళ పిల్లాడు 'ఒరే' అని పిలిచాడు. తల్లి పెట్టిన పేరులోంచి అయ్యనీ అమ్మనీ ఊరు కోసేసింది. కాబట్టి పుల్లమ్మ అనే పేరులో సిగ్గుపడాల్సింది ఏమీ లేదు. కోసిన కత్తిదే సిగ్గు.

మన పేర్లు మారటం క్రైస్తవంతో గట్టిగా మొదలైంది. 1878 జులై 3న గుండ్లకమ్మ ఒడ్డున వెల్లంపల్లి దగ్గర ఒక్కరోజే 2,222 మంది బాప్తిస్మం తీసుకున్నారు. అందులో అత్యధికులు మాదిగలు. మన పల్లెల్లోకి రూతు, ఎస్తేరు, మార్త, రాహేలు, కృపమ్మ, సువార్తమ్మ వచ్చారు. ఊరికి ఆ పేర్లు నోరు తిరగలేదు. తిరగకపోవటమే మేలయింది. 'రూతు'ను కోసి పిలవటానికి అందులో అయ్యా అమ్మా లేవు కదా! జాషువా మహాకవి పేరే చూడండి. బైబిల్లో ఇదే పేరు 'యెహోషువ' అని ఉంటుంది. వినుకొండలో పుట్టిన బిడ్డకు జాషువా అయింది. ఎవరైనా వచ్చి "జాషువా తప్పు, యెహోషువ అని దిద్దండి" అంటే తెలుగు సాహిత్యం ఒప్పుకుంటుందా?

సువార్త అంటే మంచి కబురు. 1985 జులైలో కారంచేడులో మాదిగపల్లె జనం తాగే నీళ్ళను ఖరాబు చేస్తుంటే అడ్డం పోయి, తన మీదికి వచ్చినవాళ్ళ ముందు బిందె ఎత్తి నిలబడిన ఆడమనిషి పేరు మున్నంగి సువార్త. మర్నాడు, జులై 17న, పల్లె మీద పడి ఆరుగురు మాదిగల్ని చంపారు. కళ్ళారా చూసినదానికి సాక్షిగా నిలబడ్డ దుడ్డు అలిసమ్మను తర్వాత చంపారు. మేము అప్పటికి బడి ఈడు కూడా సరిగ్గా రాని పిల్లలం. పెద్దవాళ్ళ నోట ఆ రెండు పేర్లు వింటూ పెరిగాం. పేరు అంటే పిలుపు మాత్రమే కాదు, దాన్ని మోసిన మనిషి చేసిన పనే పేరుకి అర్థం అని ఆ ఇద్దరి దగ్గర నేర్చుకున్నాం.

ఈ బైబిలు పేర్లకు రాజ్యం ఒక చిక్కు పెట్టింది. 1950 నాటి షెడ్యూల్డు కులాల ఉత్తర్వు హిందువులకే ఎస్సీ హోదా అంది. 1956లో సిక్కుల్ని, 1990లో బౌద్ధుల్ని చేర్చారు. క్రైస్తవుల్ని చేర్చలేదు. అందుకని మన ఇళ్ళలో ఒకే ఆడపిల్ల చర్చిలో ఎస్తేరు, బడిలో ఈశ్వరి. రెండు పేర్ల మధ్య దొంగలాగా బతకాల్సిన గతి. పేరు మతానికి రుజువు కాదు, కులం పేరుతో పోదు అని అందరికీ తెలుసు. ఆఫీసు బల్ల దగ్గర మాత్రం పేరు వినగానే చూపు మారుతుంది.

పేరు మార్చుకోవటం కూడా మన పోరాటంలో భాగమే. 1917లో బెజవాడలో 'పంచమ' మహాసభ అని పిలిచారు. భాగ్యరెడ్డి వర్మ అధ్యక్షుడు. పంచములం అనే మాట మాకొద్దు, ఈ నేల మొదటి బిడ్డలం, ఆది ఆంధ్రులం అని ఆ సభే తన పేరు మార్చుకుంది. 1994 జులై 7న మన జిల్లాలోనే ఈదుముడిలో దండోరా మోగింది. తిట్టుగా వాడిన మాటను పేరు చివర బిరుదులాగా పెట్టుకుని, మాదిగ అని రొమ్ము చాచి చెప్పుకున్నారు. ఒకరు పేరు వదిలేసి గెలిచారు. ఒకరు పేరు పట్టుకుని గెలిచారు. రెండూ సరైనవే, ఎందుకంటే రెండుచోట్లా నిర్ణయం మనది.

బాబాసాహెబ్ పేరు సంగతే చూడండి. వాళ్ళ ఇంటిపేరు సక్పాల్. ఊరు రత్నగిరి జిల్లా అంబడవే. ఊరి పేరు మీద బడిలో అంబడవేకర్ అని రాయించారు. ఆ తర్వాత బడి రికార్డులోనే అది అంబేడ్కర్ అయింది. మరాఠీలో అక్షరం 'డ'. మన పల్లెల్లో విగ్రహాల కింద 'అంబేద్కర్' అని 'ద' వత్తుకుని రాసి ఉంది. పలకరాయి మీద ద ఉందని ఆ విగ్రహం ఎవరిదో తెలియకుండా పోయిందా? దండ వేసేటప్పుడు ఎవరికైనా అనుమానం వచ్చిందా?

మా వాళ్ళతో ఒక మాట

ఇక్కడ మన చదువుకున్నవాళ్ళతో, ఉద్యోగస్తులతో కొంచెం కటువుగా మాట్లాడాలి. మనలో కొందరు పిల్లలకు పేరు పెట్టటానికి సంఖ్యాశాస్త్రం చెప్పేవాడి దగ్గరికి పోతున్నారు. వాడు ఇంకో ఏ పెట్టు, రెండు ఎస్‌లు పెట్టు, అదృష్టం కలిసొస్తుంది అంటాడు. వేలకు వేలు ఇచ్చి స్పెల్లింగు కొనుక్కుంటున్నారు. అది మాడ్రన్ అంటున్నారు. మేస్త్రి పెట్టిన గ్నకు నవ్వినవాళ్ళే ఆ రెండు ఎస్‌లకు తలూపుతారు! ఇంకొందరు కులం వాసన రాకూడదని పేర్లు వెతుకుతున్నారు. టౌనులో ఇల్లు అద్దెకు దొరకదనే భయం మాకు తెలుసు, ఆ భయం మీద మేము నవ్వం. కానీ దాక్కోవటానికి పెట్టుకున్న పేరు ఎంతకాలం కాపాడుతుంది? ఇంటి ఓనరు పేరు విన్నాక ఇంటిపేరు అడుగుతాడు, ఇంటిపేరు విన్నాక ఊరు అడుగుతాడు, ఊరు విన్నాక ఊళ్ళో ఏ వైపు అని అడుగుతాడు. దాక్కునే పేరు ఒకటి, నిలబడే పేరు ఒకటి. మేస్త్రి పెట్టింది రెండో రకం.

అమరావతి స్తూపం దగ్గర దొరికిన శాసనాల్లో ఒకటుంది. తోళ్ళ పని చేసే విధికుడు అనే మనిషి తన తల్లితో, భార్యతో, అన్నదమ్ములతో, పిల్లలతో కలిసి నిండుకుండ చెక్కిన రాతిపలకను దానం చేశాడు. పేరు చెక్కించుకున్నాడు, పేరు పక్కనే 'చర్మకారుడు' అనీ చెక్కించుకున్నాడు. వందల ఏళ్ళు ఆ రాయి మట్టిలో ఉండి బయటికొచ్చింది. పేరూ ఉంది, పనీ ఉంది. ఆయన దాక్కోలేదు. సంస్కృతంలో కాదు, ప్రాకృతంలో చెక్కించాడు.

ప్రగ్న అనే మాటకు బాబాసాహెబ్ ఇచ్చిన అర్థం కూడా మరిచిపోవద్దు. 1956 మేలో బి.బి.సి. రేడియో ప్రసంగంలో ఆయన బౌద్ధం ఎందుకు నచ్చిందో చెబుతూ మూడు మాటలు చెప్పాడు: ప్రజ్ఞ, కరుణ, సమత. ప్రజ్ఞ అంటే మూఢనమ్మకానికి ఎదురు నిలిచే తెలివి. ఆ ఏడు అక్టోబరు 14న నాగపూర్‌లో లక్షల మందితో బౌద్ధం తీసుకున్నాడు. ఆయన పోయాక 1957లో అచ్చయిన బుద్ధుడు-ధమ్మం గ్రంథంలో, తెలివి కత్తి లాంటిదనీ, శీలం లేనివాడి చేతిలో అది ప్రాణాలు తీస్తుందనీ హెచ్చరించాడు. మా చేతిలో ఎర్రసిరా పెన్ను ఉంది. మాకు వ్యాకరణం తెలుసు. అడగాలనే ఇంగితం లేకపోయింది. తెలివి ఉండి కరుణ లేకపోవటం అంటే ఏమిటో ఆ పెన్నే మాకు చూపించింది.

చెయ్యాల్సింది

బాధపడి ఊరుకుంటే లాభం లేదు. పల్లెల్లో, సంఘాల్లో ఈ కింది సంగతులు చదివి వినిపించండి.

1. బిడ్డ పుట్టిన 21 రోజుల్లోపు జననం నమోదు చేయించండి. అప్పటికి పేరు అనుకోకపోతే ఫరవాలేదు. ఏడాదిలోపు ఫీజు లేకుండా పేరు రాయించుకోవచ్చు. ఆ తర్వాత కూడా పదిహేనేళ్ళ దాకా ఫీజు కట్టి రాయించుకోవచ్చు.

2. చట్టం మారింది. 2023 అక్టోబరు 1 నుంచి పుట్టిన పిల్లలకు బడిలో చేరటం మొదలు చాలా పనులకు జనన ధ్రువపత్రమే మూలం. అంటే పేరు ఇక మా రిజిస్టర్లో కాదు, అక్కడే ఖాయమవుతుంది. తెలుగులో ఎట్లా, ఇంగ్లీషులో ఎట్లా అని ఇంట్లో ముందే కాగితం మీద రాసుకుని పోండి. నోటితో చెప్పి వదిలెయ్యొద్దు. రాసిచ్చి, వాళ్ళు ఎక్కించింది చదివించుకుని, అప్పుడు సంతకం పెట్టండి.

3. జనన పత్రం, ఆధార్, బడి రిజిస్టరు, కుల పత్రం, బ్యాంకు పుస్తకం. ఈ అయిదింట్లో ఒకటే స్పెల్లింగు ఉండాలి. జి అయినా సరే, జె అయినా సరే. ఏదైనా ఒకటే. తేడా ఉంటే బిడ్డ తొమ్మిదిలోకి రాకముందే సరిచేయించండి. పదో తరగతి పరీక్షలకు బడి పంపే జాబితాలో పేరు ఎట్లా ఉందో తల్లిదండ్రులు స్వయంగా చూడాలి. మెమో వచ్చాక మార్చటం ఏడు చెరువుల నీళ్ళు తాగించే పని.

4. తోటి పంతుళ్ళకు: పేరు దిద్దొద్దు. అనుమానం వస్తే అడగండి. రాశాక చదివి వినిపించండి. 2021లో సుప్రీంకోర్టు సి.బి.ఎస్.ఇ. కేసులో, తన పేరు మీద అధికారం మనిషి భావప్రకటనా స్వేచ్ఛలో భాగమని చెప్పింది. రాజ్యాంగం 19వ అధికరణం ఇచ్చినదాన్ని మన ఎర్రసిరా కొట్టెయ్యకూడదు.

5. సంఘం కార్యకర్తలకు: సభల్లో పెద్దపెద్ద మాటలు చెప్పి దిగి వచ్చేస్తున్నాం. కింద కూర్చున్న మనిషి వాటిలో ఒకదాన్ని ఇంటికి తీసుకెళ్ళి తన బిడ్డకు పెట్టుకుంటున్నాడు. ఆ మాటను ఒక కాగితం మీద రాసి, అర్థం చెప్పి చేతికివ్వండి. ఆయన దాన్ని ఇంకోలా రాసుకుంటానంటే అదీ ఒప్పుకోండి.

ఈ జూన్‌లో మా బడికి ఒక తల్లి వచ్చింది. కూలికి పోయే మనిషి. కూతురి పేరు ఒక విధంగా చెప్పింది, తెచ్చిన పత్రంలో ఇంకో విధంగా ఉంది. మా చెయ్యి పాత అలవాటు కొద్దీ ముందుకు పోబోయింది. ఆపుకున్నాం. పెన్ను ఆమె చేతికిచ్చి "నువ్వు ఎట్లా అనుకున్నావో అట్లా రాయమ్మా" అన్నాం. ఆమె రాయటానికి చాలాసేపు పట్టింది. వెనక లైనులో ఉన్నవాళ్ళు విసుక్కున్నారు. మేము కదలకుండా కూర్చున్నాం. ఆ తర్వాత పత్రం సరిచేయించటానికి ఆమెతో పాటు మేమూ పోయాం.

జై భీమ్.